వావిలాకు నూనె కాచుకోండి, ఆ పొడి మాత్రం మింగకండి

ప్రశ్న: డాక్టర్ గారూ, మాది కోనసీమలో రాజోలు దగ్గర పల్లెటూరు. నా వయసు 46. దాళ్వా (రెండో పంట) వరి నాట్లకు వెళ్లినప్పుడల్లా నడుము, తొడలు, పిక్కలు పట్టేసి రెండు మూడు రోజులు లేవలేకపోతున్నాను. ఈ ఏడాది మోకాళ్ల నొప్పి కూడా మొదలైంది. మా అత్తగారు వావిలాకు వేసి నూనె కాచేవారు. ఇప్పుడు ఆమెకు ఓపిక లేదు. నేను కాచుకోవచ్చా? ఎలా కాచాలి? మావారు కొబ్బరికాయలు ఒలిచే పనికి వెళతారు. ఆరేళ్లుగా షుగర్ ఉంది. కుడి భుజం ఎత్తలేకపోతున్నారు. సంతలో ఒకాయన అమ్మిన ఆకుమందు పొడి వేసుకుంటే ఒక్క రోజులోనే నొప్పి తగ్గిందట. రెండు నెలలుగా వాడుతున్నారు. నన్నూ వేసుకోమంటున్నారు. వేసుకోవచ్చా? – ఒక పాఠకురాలు

జవాబు: అమ్మా, మీ అత్తగారి నూనె మంచిదే, తప్పకుండా కాచుకోండి. పొడి మాత్రం మీరు ముట్టుకోవద్దు. మీవారి సంగతి కాస్త వివరంగా చెప్పాలి, దాని దగ్గరికి వస్తాను.

ముందు మీ నొప్పి ఏమిటో తెలుసుకోండి. రోజంతా మోకాళ్ల లోతు బురదలో నడుము వంచి వెనక్కి అడుగులు వేస్తూ నాటుతారు. ఏడాదిలో మిగతా రోజుల్లో అలవాటు లేని ఆ పని వల్ల కండరాల పోగుల్లో కంటికి కనిపించనంత చిన్న చిరుగులు పడతాయి. అందుకే నొప్పి పని చేసిన పూట కన్నా మర్నాడు, మూడో నాడు ఎక్కువగా ఉంటుంది. వారం లోపు దానంతట అదే సర్దుకుంటుంది. కండరం ఆ పనికి అలవాటు పడే తీరే అది, భయపడాల్సిన పని లేదు. ఇలాంటి నొప్పికి వెచ్చదనం, మర్దన, నిద్ర చాలు. నూనె ఉపయోగం ఇక్కడే.

వావిలి మీకు తెలిసిన చెట్టే. కాలువ గట్ల మీద గుబురుగా పెరుగుతుంది. ఒక్కో కాడకు మూడు నుంచి ఐదు ఆకులు చేతివేళ్లలా విచ్చుకుని ఉంటాయి. పైన ఆకుపచ్చగా, అడుగున బూడిద పూసినట్టు తెల్లగా ఉంటాయి. నలిపితే ఘాటైన వాసన వస్తుంది. బాలింతలకు స్నానం నీళ్లలో వేసి కాచేది ఈ ఆకునే. పురుగుమందు కొట్టిన చేను పక్కన ఉన్న చెట్టు ఆకు మాత్రం కోయకండి.

అర కిలో ఆకును బాగా కడిగి, నాలుగు లీటర్ల నీళ్లలో వేసి, ఒక లీటరు మిగిలేదాకా మరిగించి వడకట్టండి. ఆ కషాయంలో పావు లీటరు గానుగ నువ్వుల నూనె పోయండి. గుప్పెడు వావిలాకు, చెంచాడు వాము, చిన్న శొంఠి కొమ్ము, నాలుగు వెల్లుల్లి రేకలు కలిపి మెత్తగా నూరి, నిమ్మకాయంత ముద్దను అందులో వేయండి. ఆయుర్వేదంలో తైలం కాచడానికి చెప్పే కొలత ఇదే: ముద్ద ఒక భాగం, నూనె నాలుగు భాగాలు, ద్రవం పదహారు భాగాలు. గిన్నె పెద్దది, అడుగు మందమైనది ఉండాలి, ఎందుకంటే నీళ్లు, నూనె కలిసి మరిగేటప్పుడు పొంగుతాయి. మంట సన్నగా ఉండాలి. అడుగంటకుండా కలుపుతూ ఉంటే పూట పడుతుంది. తొందరపడి మంట పెంచితే ముద్ద మాడి, నూనె కమురు వాసన వేస్తుంది.

నూనె అయిందో లేదో చూడడంలోనే నేర్పంతా ఉంది. నీళ్లు ఉన్నంతసేపు చిటపట శబ్దం వస్తూనే ఉంటుంది. శబ్దం ఆగాక, నూనె మీద నురగ లేచాక, గరిటెతో కొంచెం ముద్ద తీసి, చల్లారనిచ్చి, బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య నలపండి. వేళ్లకు అంటుకోకుండా దీపం వత్తిలా సాగాలి. ఆ వత్తిని మంటలో పెడితే చిటపటలాడకుండా వెలగాలి. చిటపటమంటే లోపల ఇంకా తడి ఉన్నట్టే, అలా దించిన నూనెకు వారం తిరగకుండా బూజు పడుతుంది. అయిందనుకున్నాక దించి, పొడి గుడ్డలో వడకట్టండి. మీ అత్తగారిని పక్కన కూర్చోబెట్టుకోండి. ఓపిక లేకపోయినా ఆవిడ చెవికి ఆ శబ్దం తెలుసు.

కర్పూరం వేయాలంటే పొయ్యి ఆర్పి, నూనె గోరువెచ్చన అయ్యాకే పది గ్రాములు వేసి కరిగించండి. అంతకు మించవద్దు. పొయ్యి మీద ఉన్న నూనెలో వేస్తే దాని ఆవిరి మంట అందుకుంటుంది. హారతి కర్పూరం మందు కోసం తయారైంది కాదు, మందుల షాపులో దొరికేది తీసుకోండి. చిన్నపిల్లలు ఒక్క గుక్క కర్పూరం నూనె తాగినా ఫిట్స్ వచ్చే ప్రమాదం ఉంది. కాబట్టి సీసా మీద పేరు, తేదీ రాసి, పిల్లలకు అందని అటక మీద పెట్టండి. రెండేళ్లలోపు పిల్లలకు జలుబు అని ఛాతీకి, ముక్కుకు ఈ నూనె రాయకండి. మూడు నెలలు దాటితే పారబోసి కొత్తది కాచుకోండి.

మొదటిసారి వాడే ముందు ముంజేతి లోపలి వైపు ఒక చుక్క రాసి ఒక రోజు చూడండి. ఎర్రబడినా, దురద పెట్టినా మీకు పడదని అర్థం. చర్మం చీరుకుపోయిన చోట, నీళ్లలో నాని పుండ్లు పడిన వేళ్ల సందుల్లో రాయవద్దు. నాట్ల నుంచి వచ్చి వేడినీళ్లతో స్నానం చేశాక, గోరువెచ్చని నూనెతో పిక్కల నుంచి పైకి పది పదిహేను నిమిషాలు నెమ్మదిగా మర్దన చేయించుకోండి. తర్వాత గళ్లుప్పు పెనం మీద వేయించి, గుడ్డలో మూట కట్టి నడుముకు కాపడం పెట్టుకోండి. మీకు కలిగే ఉపశమనంలో పెద్ద వాటా ఆ వెచ్చదనానిది, ఆ చేతిదే అని నా అనుభవం. ఆకు దానికి తోడు. అరిగిన కీలును ఏ నూనే తిరిగి నింపలేదు, అలా నింపుతుందని ఎవరైనా అమ్మితే కొనకండి.

పచ్చి వెల్లుల్లి నూరి మోకాలికి కట్టి పడుకుంటే తెల్లారేసరికి నీటి బొబ్బలు లేస్తాయి. అలా కాలిన చర్మంతో వచ్చినవారికి నేను కట్లు కట్టాను. చిత్రమూలం వేరు, నల్లజీడి గింజ అంతకన్నా ఘోరంగా చర్మాన్ని కాలుస్తాయి, వాటి జోలికి వెళ్లవద్దు. ఆముదం రాసి వెచ్చచేసిన జిల్లేడు ఆకు మోకాలికి కట్టుకోవడం మనవైపు ఇంటింటా ఉంది. కట్టుకోండి, కానీ ఆకు తుంచినప్పుడు కారే పాలు కంట్లో పడితే చూపు మసకబారేంత హాని జరుగుతుంది. కోసిన వెంటనే చేతులు సబ్బుతో కడుక్కోండి. కొత్తగా మడమ బెణికి వాచితే మొదటి రెండు రోజులు వేడి వద్దు, గుడ్డలో చుట్టిన ఐసు పెట్టండి.

మోకాళ్ల సంగతి వేరు. మీ వయసులో, మీ పనిలో మోకాలి చిప్ప చుట్టూ అరుగుదల మొదలై ఉండవచ్చు. దానికి నూనె కన్నా తొడ ముందువైపు కండరం బలపడడం ముఖ్యం. కుర్చీలో కూర్చుని ఒక కాలు నేలకు సమాంతరంగా చాపి, పది లెక్కపెట్టేదాకా బిగించి దించండి. ఒక్కో కాలికి పదిసార్లు, ఉదయం, సాయంత్రం. నెల తిరిగేసరికి మెట్లు ఎక్కడంలో తేడా మీకే తెలుస్తుంది. నాట్లలో ఉన్నప్పుడు అరగంటకోసారి గట్టు మీదికి వచ్చి, నడుము మీద చేతులు పెట్టుకుని వెనక్కి వంగండి. మేస్త్రీ తొందరపెట్టినా సరే, ఆ రెండు నిమిషాలు మీవి. నొప్పి మరీ ఎక్కువైతే డైక్లోఫెనాక్ జెల్ మోకాలికి రాసుకోవచ్చు. డైక్లోఫెనాక్ మాత్రలు, ఇంజెక్షన్లు మాత్రం అడిగి చేయించుకోకండి. తరచూ వాడితే కడుపులో పుండ్లు పడతాయి, కిడ్నీలు దెబ్బతింటాయి.

ఇక మీవారి భుజం. నేలలో దిగేసిన ఇనుప మొన మీద రోజూ వందల కాయలు పొడిచి తిప్పేవారికి భుజం నొప్పి రావడంలో వింత లేదు. కానీ షుగర్ ఉన్నవారిలో భుజం కీలు చుట్టూ ఉండే పొర బిగుసుకుపోయే జబ్బు మామూలు వారికన్నా ఎక్కువగా వస్తుంది. చొక్కా తొడుక్కోవడం, వీపు వెనక్కి చెయ్యి పెట్టడం కష్టమవుతోందా అని అడగండి. అవునంటే బలవంతంగా పట్టి లాగే మర్దనలు వద్దు. ఫిజియోథెరపిస్టు నేర్పే చిన్న కదలికలతో నెలల తరబడి ఓపికగా సాధించాలి. షుగర్ అదుపులో ఉండడం కూడా వైద్యంలో భాగమే. మరో జాగ్రత్త: ఆయన పాదాలకు కాపడం పెట్టాలంటే మూట వేడి మీ ముంజేతితో చూడండి. షుగర్ వల్ల పాదాలు మొద్దుబారిన వారికి చర్మం కాలినా తెలియదు.

ఆ పొడి గురించి నాకు చాలా ఆందోళనగా ఉంది. నెలల నొప్పిని ఒక్క రోజులో తీసేసే ఆకు ఏదీ నాకు తెలియదు. అలా తీసేసేది స్టెరాయిడ్. ఇలాంటి పేరులేని పొడుల్లో స్టెరాయిడ్ మాత్రలు నూరి కలపడం కొత్తేమీ కాదు. మొదట ఆకలి పెరుగుతుంది, ఒంట్లో హుషారు వస్తుంది, ముఖం గుండ్రంగా నిండుతుంది. ఊళ్లో వాళ్లు "ఒళ్లు చేశావు" అంటారు. లోపల మాత్రం షుగర్, బీపీ పెరుగుతాయి, ఎముకలు గుల్లబారతాయి, తుంటి కీలుకు రక్తం అందక కుళ్లిపోయే ప్రమాదం ఉంది. ఆయన ఈ వారంలోనే షుగర్ పరీక్ష చేయించుకోవాలి. అయితే రెండు నెలలుగా వాడుతున్నారు కనుక రేపటి నుంచి హఠాత్తుగా మానేయించకండి. బయటి నుంచి స్టెరాయిడ్ అందుతుంటే శరీరం తన సొంత ఉత్పత్తి తగ్గించుకుంటుంది. ఒక్కసారిగా ఆపితే వాంతులు, నీరసం వచ్చి, బీపీ పడిపోయి ప్రాణం మీదికి రావచ్చు. మిగిలిన పొడి పొట్లాన్ని పట్టుకుని ఒకటి రెండు రోజుల్లోనే ప్రభుత్వాసుపత్రిలో జనరల్ మెడిసిన్ డాక్టరు దగ్గరికి వెళ్లండి. ఎలా తగ్గించాలో వారు చెబుతారు. ఆయన్ను తిట్టకండి. నొప్పితో పని పోతుందేమోనని భయపడిన మనిషి దొరికిందల్లా మింగుతాడు.

చివరగా, నాట్లకు వెళ్లే ప్రతి ఇంటికీ నేను చెప్పే మాట ఒకటుంది. ఒళ్లు నొప్పులతో పాటు చలిజ్వరం వచ్చిందా? పిక్కలు ముట్టుకుంటేనే ప్రాణం పోయేంత నొప్పిగా ఉన్నాయా? కళ్లు పుసులు లేకుండా ఎర్రబడ్డాయా? అది పని నొప్పి కాకపోవచ్చు. పొలాల్లో ఎలుకల మూత్రం కలిసిన నీటి నుంచి, కాళ్ల మీది గీతల గుండా సోకే లెప్టోస్పైరోసిస్, అంటే ఎలుక జ్వరం కావచ్చు. నీళ్లలో దిగిన ఐదు నుంచి పద్నాలుగు రోజుల మధ్య ఎక్కువగా బయటపడుతుంది. మొదట్లోనే యాంటీబయాటిక్ పడితే తగ్గిపోతుంది. ఆలస్యమైతే కామెర్లు వస్తాయి, మూత్రం తగ్గి కిడ్నీలు ఆగిపోతాయి. అప్పటికే నొప్పి ఇంజెక్షన్ చేయించుకుని ఉంటే కిడ్నీలకు మరింత చేటు. జ్వరం ఉన్న రోజు నూనె మర్దన వద్దు, అదే రోజు ఆసుపత్రికి వెళ్లండి. డాక్టరు అడిగేదాకా ఆగకుండా, చీటీ రాసే చోటే, వరి నాట్లలో దిగుతున్నానని చెప్పండి.