ఆరు ఫైనళ్లు ఆడినా కప్పు దక్కని డిఫెండర్

ప్రశ్న: మా అబ్బాయి డబ్లిన్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. వాళ్ల ఆఫీసులో మేయో జిల్లా వాళ్లు లీ కీగన్ అనే ఆటగాడి గురించి దేవుడి గురించి చెప్పినట్టు చెప్తారట. తీరా అడిగితే పెద్ద కప్పు ఒక్కటీ గెలవలేదట. మరి అంత పేరెలా వచ్చిందండీ?
– ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: అమ్మా, ముందు ఆట గురించి రెండు ముక్కలు చెప్తాను, లేకపోతే మిగతాది అర్థం కాదు. గేలిక్ ఫుట్‌బాల్ ఐర్లండ్ వాళ్ల సొంత ఆట. జట్టుకి 15 మంది, గుండ్రటి బంతి, చేత్తోనూ ఆడొచ్చు, కాలితోనూ ఆడొచ్చు. బంతి పట్టుకుని నాలుగు అడుగులకు మించి పరిగెత్తకూడదు, నేలకేసి కొట్టాలి, లేదా కాలి వేళ్లతో తన్ని మళ్లీ చేతిలోకి తెచ్చుకోవాలి. అడ్డకర్ర కింద నుంచి వలలోకి కొడితే గోల్, అంటే 3 పాయింట్లు, పైనుంచి పంపితే కీగన్ ఆడిన రోజుల్లో 1 (2025 నుంచి బాగా దూరం నుంచి కొడితే 2). అందుకే స్కోరు 1-14 అని రాస్తారు, మొత్తం 17 అన్నమాట.

ఇక అసలు సంగతి. ఈ ఆటలో జీతాలు లేవు, వేలం పాటలు లేవు. 80 వేల మంది ముందు ఫైనల్ ఆడినవాడు కూడా సోమవారం తన పని తాను చూసుకోవాల్సిందే. ఎక్కువ డబ్బిస్తారని జట్టు మారడమూ ఉండదు, మామూలుగా ఎవరి కౌంటీకి (మన జిల్లా లాంటిది) వాళ్లు ఆడతారు. కీగన్ సొంతూరు వెస్ట్‌పోర్ట్, పడమటి తీరాన మేయో కౌంటీలో ఉంటుంది. కౌంటీ జట్ల మధ్య జరిగే అతి పెద్ద పోటీ ఆల్ ఐర్లండ్ కప్పు. మేయో దాన్ని చివరిసారి గెలిచింది 1951లో. అతను 2011లో సీనియర్ జట్టులోకి వచ్చి 2012, 2013, 2016, 2017, 2020, 2021లో మొత్తం ఆరు ఫైనళ్లు ఆడాడు, ఆరూ పోయాయి. అందులో మూడు ఒక్కటంటే ఒక్క పాయింటు తేడాతో పోయాయమ్మా. అయినా ఐదుసార్లు ఆల్ స్టార్, అంటే ఆ ఏడాది మేటి ఆటగాళ్ల జట్టు, ఎంపికలో ఉన్నాడు, 2016లో ఓడిన జట్టులో ఉండి కూడా ఆ ఏడాది ఉత్తమ ఆటగాడయ్యాడు. మీ అబ్బాయి ఆఫీసులో వాళ్లు ఊరికే చెప్పడం లేదు.

ప్రశ్న: అన్నా, నేను కబడ్డీలో కార్నర్ ఆడతాను. మా పని పట్టుకోవడం, అంతే. ఈ కీగన్ డిఫెండర్ అయ్యుండి ఫైనల్లో గోల్స్ కొట్టాడని చదివాను. ఇది ఎలా?
– కరీంనగర్ నుంచి ఒక డిగ్రీ విద్యార్థి

జవాబు: తమ్ముడూ, మంచి ప్రశ్న అడిగావు. నువ్వు రైడర్ చీలమండ దొరకబుచ్చుకుని గీత దాకా పోకుండా ఆపేస్తే చాలు, పాయింటు నీదే. గేలిక్‌లో మనిషిని పట్టుకుంటే ఫౌల్. తెరిచిన అరచేత్తో బంతిని మాత్రమే తట్టాలి. అంటే ఎదుటివాడిని ఆపడానికి నీ దగ్గరున్నవి కాళ్లు, ఊపిరి, అతని కంటే అర సెకను ముందు ఆలోచించడం, అంతే.

కీగన్ ఇక్కడే అందరికంటే వేరు. అతను హాఫ్ బ్యాక్, అంటే వెనక వరుసకీ మధ్య వరుసకీ నడుమ ఆడేవాడు. ప్రత్యర్థి జట్టులో అందరికంటే ప్రమాదకరమైన వాడిని అతనికి అప్పజెప్పేవాళ్లు. వాడికి కాపలా కాస్తూ నిలబడిపోకుండా, మన బంతి దొరికిన మరుక్షణం ముందుకి దూసుకెళ్లిపోయేవాడు. అప్పుడు ఆ స్టార్ ఆటగాడికి రెండే దారులు: కీగన్ వెనక పరిగెత్తి తన బలం ఖర్చు చేసుకోవడం, లేదా వదిలేసి గోల్ తినడం. కాపలా కాయాల్సిన వాడికే కాపలా కాయాల్సి వచ్చేది! నా లెక్కలో డిఫెన్స్ అంటే ఇదే.

2016 ఫైనల్ చూడు. మొదటి మ్యాచ్ సమమైంది, మళ్లీ ఆడించారు. డబ్లిన్‌కి డియర్మిడ్ కానలీ అని గొప్ప ఆటగాడు, అతని మీద కీగన్. వాళ్లిద్దరి పోటీ గురించి రీప్లేకి ముందు పేపర్లలో ఒకటే చర్చ. రీప్లే మొదటి సగంలోనే కీగన్ గోల్ కొట్టాడు. విరామానికి కాస్త ముందు కానలీని ఫౌల్ చేసినందుకు కీగన్‌కి బ్లాక్ కార్డు పడింది. ఇప్పుడైతే బ్లాక్ కార్డుకి పది నిమిషాలు బయట కూర్చుంటే చాలు, అప్పట్లో ఇక తిరిగి రావడం లేదు, సబ్‌స్టిట్యూట్‌ని పంపాలి. రెండో సగంలో డబ్లిన్‌కి పెనాల్టీ వస్తే దాన్ని గోల్ కొట్టింది కూడా ఆ కానలీనే. మేయో 1-14, డబ్లిన్ 1-15. కీగన్ బెంచీ మీద కూర్చుని ఇదంతా చూడాల్సి వచ్చింది, అది తలుచుకుంటే నాకు ఇప్పటికీ మనసు చివుక్కుమంటుంది.

ప్రశ్న: మేయోకి ఏదో శాపం ఉందట కదా, నిజమేనా?
– గుంటూరు నుంచి ఒక రిటైర్డ్ టీచరు

జవాబు: మాస్టారూ, కథ ఉంది. 1951లో గెలిచి ఊరేగింపుగా తిరిగొస్తున్న జట్టు ఫాక్స్‌ఫర్డ్ అనే ఊళ్లో అంత్యక్రియలు జరుగుతుంటే ఆగి గౌరవం ఇవ్వలేదనీ, అక్కడి మతగురువు శపించారనీ చెప్పుకుంటారు. నాకు ఆ మాట నచ్చదు. ఓటమికి కారణాలు కళ్లెదురుగా ఉన్నాయి. 2016 మొదటి మ్యాచ్‌లో డబ్లిన్ రెండు గోల్స్‌నీ మేయో వాళ్లే తమ వలలోకి వేసుకున్నారు. రీప్లే ఆఖర్లో స్కోరు సమం చేసే ఫ్రీ కిక్‌ని మేయో ఆటగాడు కిలియన్ ఓకానర్ బయటికి కొట్టాడు. 2017లోనూ ఆఖర్లో అతని ఫ్రీ కిక్ కర్రకి తగిలింది. ఎదురుగా ఉన్నది 2015 నుంచి 2020 దాకా వరసగా ఆరుసార్లు గెలిచిన జట్టు. 2021 సెమీస్‌లో అదే డబ్లిన్‌ని అదనపు సమయంలో ఓడించింది కూడా మేయోనే. శాపం అనేస్తే ఆ కుర్రాళ్లు పడ్డ కష్టాన్ని తీసిపారేసినట్టే.

ప్రశ్న: 2017 ఫైనల్లో కీగన్ కిక్ కొట్టేవాడి మీదికి ఏదో విసిరాడట. అలాంటివాణ్ణి పొగడొచ్చా?
– హైదరాబాద్ నుంచి ఒక పాఠకుడు

జవాబు: విసిరాడు, అది తప్పే, దాన్ని సమర్థించను. ఆటగాళ్లు వీపు పైభాగాన, రెండు భుజాల మధ్య చిన్న జేబులో జీపీఎస్ పరికరం పెట్టుకుంటారు, ఎంత పరిగెత్తారో లెక్కపెట్టడానికి. స్కోరు సమం, ఆఖరి క్షణాలు, డబ్లిన్ ఆటగాడు డీన్ రాక్ ఫ్రీ కిక్‌కి పరుగందుకున్నాడు. కీగన్ ఆ పరికరం లాగి అతని వైపు విసిరాడు. రాక్ చలించలేదు, బంతి కర్రల మధ్య నుంచి వెళ్లింది, డబ్లిన్ 1-17, మేయో 1-16. రాక్ గుండె నిబ్బరానికి దండం పెట్టాలి.

కానీ ఆ రోజు మిగతా 70 నిమిషాలు కూడా చూడండి. డబ్లిన్ ఆటంతా ఎవరి చేతుల మీదుగా నడుస్తుందో ఆ కీరాన్ కిల్కెనీని కీగన్ కట్టిపడేశాడు, పైగా రెండో సగంలో గోల్ కొట్టాడు. ఒక్క క్షణం టెన్షన్‌లో చేసిన పనికి ఆ ఆటనంతా కొట్టిపారేయడం నాకు న్యాయం అనిపించదు.

ప్రశ్న: ఇప్పుడు ఆడుతున్నాడా?
– నెల్లూరు పాఠకుడు

జవాబు: కౌంటీ జట్టుకి లేదు, 2023 జనవరిలో, 33 ఏళ్లకి వీడ్కోలు చెప్పాడు. దానికి కొద్ది నెలల ముందే, 2022లో, అతని ఊరి క్లబ్బు వెస్ట్‌పోర్ట్ తన చరిత్రలో మొట్టమొదటిసారి మేయో క్లబ్బుల సీనియర్ టైటిల్ గెలిచింది. ఆ జట్టులో కీగన్ ఉన్నాడు.