ఆ రెండు లక్షలు కెమెరాకి పెట్టకండి

ప్రశ్న: మా అమ్మాయి ఖమ్మంలో బీఎస్సీ ఆఖరి సంవత్సరం. డాక్యుమెంటరీలు తీస్తానంటోంది, దర్శకత్వం, కెమెరా రెండూ తనేనట. రెండు లక్షల కెమెరా అడుగుతోంది. ఇందులో బతుకుతెరువు ఉంటుందా?

జవాబు: ఉంటుందండీ. అయితే మొదటి ఆరేడేళ్ళు ఇల్లు గడిచేది కెమెరా పనితోనే. స్వచ్ఛంద సంస్థలకు చిన్న ఫిల్ములు, టీవీ కార్యక్రమాలు, బయటినుంచి వచ్చే యూనిట్లకు రెండో కెమెరా. రోజుకింత అని ఇస్తారు. ఒక నెల చేతినిండా పని, మరుసటి నెల ఖాళీ. తన సొంత సినిమా ఈ సందుల్లోనే తీసుకోవాలి.

దానికి ఎంత కాలం పడుతుందో చూడండి. 2023లో ఆస్కార్ గెలిచిన డాక్యుమెంటరీ 'ది ఎలిఫెంట్ విస్పరర్స్' నిడివి సుమారు 40 నిమిషాలు. తమిళనాడులోని ముదుమలై ఏనుగుల శిబిరంలో దాని వెనక దాదాపు ఐదేళ్ళ పని ఉంది. అందుకే ఆ రెండు లక్షలు దాచి ఉంచమంటున్నాను. పని లేని నెలల్లో అమ్మాయికి అద్దె, తిండి అవే. కెమెరా రోజు అద్దెకి దొరుకుతుంది.

రెండు పనులూ ఒక్కరే చేయడంలో గొప్ప సౌలభ్యం ఉంది. నలుగురు లైట్లు పట్టుకొని వంటింట్లోకి వస్తే మాట పెగలని ఆవిడ, ఒక్క పిల్ల కెమెరాతో కూర్చుంటే మనసు విప్పుతుంది. ఇబ్బందీ ఉంది. ఫోకస్ మీద కన్నుంటే మాట మీద చెవి ఉండదు. సౌండ్ చూసుకునే తోడు ఒకరు ఉండాల్సిందే. ఆడపిల్ల కెమెరా మోయగలదా అని దిగులు పడకండి. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో బడి మొహం చూడని దళిత మహిళా రైతులు కెమెరా నేర్చుకుని తమ పంటల మీద తామే ఫిల్ములు తీశారు.

చదువుకి పుణెలోని ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐలో ఏ డిగ్రీతోనైనా ప్రవేశ పరీక్ష రాయొచ్చు. మూడేళ్ళ కోర్సు, కానీ దర్శకత్వం, సినిమాటోగ్రఫీ వేర్వేరు, ఒకటే ఎంచుకోవాలి. రెండూ కావాలనే మీ అమ్మాయికి ఢిల్లీ జామియా మిలియాలోని మాస్ కమ్యూనికేషన్ కేంద్రం ఎక్కువ నప్పుతుందని నా అభిప్రాయం. అక్కడి రెండేళ్ళ ఎంఏలో కెమెరా, సౌండ్, ఎడిటింగ్ అన్నీ చేతికి వస్తాయి. దగ్గర్లో కావాలంటే హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో కమ్యూనికేషన్ ఎంఏ ఉంది.

దరఖాస్తుకి ముందు ఒక్క పని చేయనివ్వండి. మీ ఊళ్ళోనే మిర్చి యార్డు ఉంది. సీజన్లో ఒక హమాలీని అడిగి, ఒప్పుకుంటే వారం రోజులు తెల్లవారుజాము నుంచి వెంట ఉండి, ఫోన్‌తోనే పది నిమిషాల ఫిల్ము తీయమనండి. ప్రతి షాటూ కనీసం పది సెకన్లు కదలకుండా పట్టాలి. పూర్తయ్యాక మొదట ఆ హమాలీకే చూపించాలి. ఐదో రోజుకీ ఉత్సాహంగా లేచి వెళ్తోందంటే ఇక అడ్డు చెప్పకండి.

కాలర్‌కి పెట్టే వైరు మైకు వెయ్యి లోపే వస్తుంది. అది మాత్రం ఈ వారమే కొనివ్వండి.