నలభై దాటాక బిడ్డను కోరుకునే అమ్మాయికి

చి.ల.సౌ. సుధకు పిన్ని ఆశీస్సులు.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. దసరా సెలవులు ఇచ్చాక ఇద్దరూ తీరిగ్గా డాక్టరుగారిని కలుద్దామనుకుంటున్నామని రాశావు. దసరా దాకా ఆగవద్దు. 35 ఏళ్ల లోపువారిని ఏడాదిపాటు ప్రయత్నించి చూడమంటారు, ఆ వయసు దాటినవారిని ఆరు నెలలు చూసి రమ్మంటారు, 40 దాటినవారికి మాత్రం ఆ గడువు కూడా ఇవ్వరు. నీకు 41 నిండాయి.

ఆడపిల్ల తన అండాలన్నింటినీ పుట్టుకతోనే తెచ్చుకుంటుంది, తరువాత కొత్తవి తయారుకావు. నలభై నాటికి వాటి సంఖ్య తగ్గడం ఒక ఎత్తయితే, మిగిలినవాటిలో క్రోమోజోముల లెక్క తప్పినవి పెరగడం మరో ఎత్తు. అందుకే నెలసరి తేదీ తప్పకుండా వస్తున్న ఆరోగ్యవంతురాలికైనా ఈ వయసులో ఒక్కో నెలలో కడుపు నిలిచే అవకాశం నూటికి 5 దగ్గరే ఉంటుంది. నిలిచినవాటిలోనూ మూడింట ఒక వంతు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ, దక్కకుండా పోతాయి. నిరుడు సంక్రాంతికి నీకు జరిగింది చాలావరకు ఇదే అయివుంటుంది. నువ్వు మేడమెట్లు ఎక్కినందువల్లో, బస్సులో ఊరు వచ్చినందువల్లో, మీ అత్తగారు అన్నట్లు బొప్పాయి ముక్క తిన్నందువల్లో జరిగింది కాదు.

ఏఎంహెచ్ (అండాశయం విడుదల చేసే హార్మోన్‌ను కొలిచే రక్తపరీక్ష) రిపోర్టు చూసి రాత్రంతా నిద్రపోలేదన్నావు. అండాలు ఏ మేరకు మిగిలాయో, అండాలు పెంచే ఇంజెక్షన్లకు అండాశయాలు ఎలా స్పందిస్తాయో ఆ అంకె కొంత చెబుతుంది. అండం మంచిదో కాదో చెప్పలేదు, సహజంగా కడుపు నిలుస్తుందో లేదో అసలే చెప్పలేదు. నెలసరి రెండో రోజునో మూడో రోజునో స్కాన్‌లో ఫాలికల్స్ (అండాలుండే చిన్న సంచులు) లెక్కించి, రెండూ కలిపి చూసుకోవాలి. థైరాయిడ్, షుగర్, రక్తం శాతం, బీపీ కూడా ఇప్పుడే చూపించుకో. రుబెల్లా టీకా అవసరమని తేలితే, వేయించుకున్నాక నెల రోజులు ఆగాలి. ఫోలిక్ యాసిడ్ 400 మైక్రోగ్రాములు ఈ రోజు నుంచే మొదలుపెట్టు. బిడ్డ వెన్నుకు ఆధారమైన నాళం నెల తప్పిన సంగతి మనకు సరిగా తెలిసేలోపే మూసుకుంటుంది కాబట్టి, తరువాత వేసుకుందామంటే ఆలస్యమైపోతుంది.

అల్లుడికి కూడా వీర్య పరీక్ష అదే వారంలో జరగాలి. ముప్పై రెండేళ్లు ప్రసూతి ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా చేశాను. ఓపీ గది ముందు ఒకామె స్కాన్ ఫిల్ములు నిండిన బట్టలకొట్టు సంచిని ఒళ్లో పెట్టుకుని కూర్చున్న దృశ్యం నాకు ఇప్పటికీ కళ్లముందే ఉంది. ఆమెకు నాళాల ఎక్స్‌రే అయింది, కడుపులోకి సన్నని గొట్టం పంపి చూసే లాప్రోస్కోపీ అయింది, ఏడాదిన్నర గడిచింది, భర్త మాత్రం ఎప్పుడూ బయట స్కూటర్ స్టాండు దగ్గరే నిలబడేవాడు. చివరకు అతని పరీక్ష చేయిస్తే లోపం అక్కడ బయటపడింది. భార్యాభర్తలకు మూడు రోజుల ఎడం, వీర్యానికి చిన్న డబ్బా, అరగంట పని. ముందే అడగని తప్పు మాది కూడా. ఆ ఏడాదిన్నరను ఆమెకు ఎవరూ తిరిగి ఇవ్వలేకపోయారు.

ఇక ఐవీఎఫ్, అంటే అండాన్ని, వీర్యాన్ని శరీరం బయట కలిపి పిండాన్ని గర్భసంచిలో పెట్టే చికిత్స సంగతి. 2019లో గుంటూరులో డెబ్బై దాటిన ఆవిడ కవలలను కన్నది కదా, నీకేం తొందర అని మీ ఆడపడుచు అన్నదట. ఆ బిడ్డలు దాత అండంతో కలిగినవారన్న వాక్యాన్ని మాత్రం అందరూ వదిలేస్తారు. 2021లో వచ్చిన చట్టం ప్రకారం ఈ చికిత్సకు స్త్రీకి 50, పురుషుడికి 55 ఏళ్లు పరిమితి. సొంత అండంతో ఐవీఎఫ్ చేసినా వయసు వయసే. పిండాన్ని ప్రవేశపెట్టిన ప్రతిసారీ బిడ్డ పుట్టే అవకాశం నలభై మొదట్లో నూటికి 10 దగ్గర ఉండి, 43 దాటేసరికి 5 దగ్గరకు పడిపోతుంది. దాత అండమైతే దాత వయసే లెక్కలోకి వస్తుంది కాబట్టి అవకాశం చాలా పెరుగుతుంది. దానికి మనసు ఒప్పుతుందో లేదో మీరిద్దరే, మూడో మనిషి లేకుండా, ముందే మాట్లాడుకోండి. చట్టప్రకారం రిజిస్ట్రేషన్ ఉన్న సెంటరుకే వెళ్లి, "నా వయసువాళ్లలో సొంత అండంతో ఎంతమంది బిడ్డను ఇంటికి తీసుకెళ్లారు?" అని అడుగు. గర్భ పరీక్షలో పాజిటివ్ వచ్చినవారి లెక్క చెబితే ఒప్పుకోకు. ఎన్ని ప్రయత్నాలకు, ఎంత డబ్బుకు ఆగాలో మొదటి ఇంజెక్షన్‌కు ముందే కాగితం మీద రాసుకోండి. ఆశ పెరిగాక ఆ గీత గీయడం ఎవరి వల్లా కాదు, ఇళ్ల పత్రాలు తాకట్టుకు వెళ్లడం నేను చూశాను.

కడుపు నిలిస్తే 11 నుంచి 13 వారాల మధ్య బిడ్డ మెడ వెనుక నీటి మందం కొలిచే ఎన్‌టీ స్కాన్, డబుల్ మార్కర్ అనే రక్తపరీక్ష తప్పనిసరిగా చేయించుకో. నలభై ఏళ్ల తల్లికి డౌన్ సిండ్రోమ్ (ఒక క్రోమోజోము ఎక్కువగా ఉండే స్థితి) ఉన్న బిడ్డ కలిగే అవకాశం నూటికి ఒకటి దగ్గర ఉంటుంది. తక్కిన తొంభై తొమ్మిది మందినీ మరచిపోయి బెంగపడవద్దు. అనుమానం వస్తే తల్లి రక్తంలోనే బిడ్డ క్రోమోజోముల తేడాను వెతికే ఎన్‌ఐపీటీ పరీక్ష ఉంది, ఖరారు చేసుకోవడానికి 15 వారాలు దాటాక ఉమ్మనీటి పరీక్ష ఉంది. ఆపైన అయిదో నెలలో బిడ్డ అవయవాలన్నీ చూసే టిఫా స్కాన్. బీపీ, షుగర్ ఈ వయసులో తొందరగా తలెత్తుతాయి. బీపీ రాకుండా చిన్న మోతాదు ఆస్పిరిన్ అవసరమా అని మూడో నెలలోనే డాక్టరుగారిని అడుగు, సొంతంగా మాత్రం వేసుకోకు.

మొక్కులు మొక్కుకో, నేనూ మొక్కుతాను. పరీక్షను మాత్రం మంచిరోజు కోసం వాయిదా వేయకు. ఈసారి నెలసరి మొదలైన రోజునే ఫోన్ చేయి, మర్నాడు పొద్దుటి బస్సుకు బయలుదేరి వస్తాను. పాత రిపోర్టులన్నీ తేదీల వరుసలో పేర్చి ఉంచు.

మీ పిన్ని