కౌంటీ పెద్దదా, సిటీ పెద్దదా?

పాఠకుల ప్రశ్నలు – మా జవాబులు

ప్రశ్న: నేను పురపాలక శాఖలో పనిచేసి పదవీ విరమణ చేసినవాణ్ణి. మా అబ్బాయి అమెరికాలో, టెక్సస్ రాష్ట్రంలోని ఫ్రిస్కోలో ఇల్లు కొన్నాడు. మేము వెళ్లినప్పుడు చూస్తే ఇంటి పన్ను బిల్లు కౌంటీ కార్యాలయం నుంచి, నీటి బిల్లు సిటీ నుంచి వచ్చాయి. అక్కడ మేయర్ ఉన్నా ఊరిని నడిపేది సిటీ మేనేజర్ అట. కౌంటీని మన జిల్లాగా, మేనేజర్‌ని మన మునిసిపల్ కమిషనర్‌గా అనుకోవచ్చా? ఎవరి మాట ఎవరు వినాలి?
– ఒక పాఠకుడు, తెనాలి

జవాబు: విస్తీర్ణం వరకైతే కౌంటీని జిల్లా అనుకోవచ్చు గానీ, అధికారం దగ్గరికి వచ్చేసరికి ఆ పోలిక నిలవదు. మన దగ్గర కలెక్టరును నియమించేదీ, మునిసిపల్ కమిషనర్‌ను నియమించి బదిలీ చేసేదీ రాష్ట్ర ప్రభుత్వమే. ఎన్నికైన చైర్‌పర్సన్ ఒకటి చెప్పి, పైనుంచి వచ్చిన జీవో మరొకటి చెబితే కమిషనర్ ఎటు మొగ్గుతారో మీకు వేరే చెప్పనక్కర్లేదు. టెక్సస్‌లో కౌంటీకి గానీ సిటీకి గానీ అలా పైనుంచి వచ్చే అధికారి ఉండరు. అమెరికా రాజ్యాంగంలో స్థానిక ప్రభుత్వాల ప్రస్తావనే లేదు కనుక వాటి రూపురేఖలను ప్రతి రాష్ట్రమూ తన రాజ్యాంగంలో, చట్టాల్లో నిర్ణయించుకుంటుంది. టెక్సస్ చట్టం ప్రకారం సిటీ, కౌంటీ దేని పని అది చేసుకుంటాయే తప్ప ఒకటి మరొకదానికి పై మెట్టు కాదు. ఫ్రిస్కో కొంత కాలిన్ కౌంటీలోనూ, కొంత డెంటన్ కౌంటీలోనూ ఉంది. అయినా మేయరు ఒక్కరే, కౌన్సిల్ ఒక్కటే.

బిల్లు కౌంటీ నుంచి వచ్చినంత మాత్రాన ఆ సొమ్మంతా కౌంటీది కాదు. ఇల్లు కాలిన్ వైపున ఉంటే అందులో మామూలుగా నాలుగు పద్దులు కనిపిస్తాయి: కాలిన్ కౌంటీ, ఫ్రిస్కో సిటీ, ఫ్రిస్కో పాఠశాల జిల్లా, కాలిన్ కాలేజీ జిల్లా (ఇక్కడ ‘జిల్లా’ అంటే ఒక్కో పని కోసం ఏర్పడిన ప్రత్యేక సంస్థ, మన జిల్లా వంటిది కాదు). వీటిలో సింహభాగం బడులకే పోతుంది. కౌంటీ పన్నుల కార్యాలయం ఈ నాలుగింటి తరఫున ఒకేసారి వసూలు చేసి ఎవరి వాటా వారికి పంపుతుంది. ఇంటి విలువ కట్టేది మాత్రం వీరెవరూ కాదు. పన్ను రేటు నిర్ణయించేవారే విలువ కూడా కడితే బాగుండదని, 1979లో చేసిన చట్టంతో ఆ పనిని అప్రైజల్ జిల్లా అనే ప్రత్యేక సంస్థకు అప్పగించారు. జనవరి 1 నాటి విలువను లెక్కలోకి తీసుకుంటారు, శరదృతువులో బిల్లులు పంపుతారు, మరుసటి జనవరి 31లోపు కట్టాలి. విలువ ఎక్కువ కట్టారనిపిస్తే మే నెల మధ్య వరకు అభ్యంతరం తెలపవచ్చు. మీ అబ్బాయి ఆ అవకాశాన్ని ఏటా వాడుకోవడం మంచిది.

ఇక కౌంటీ లోపలి ఏర్పాటు మీవంటి అనుభవజ్ఞులకు మరింత వింతగా తోచవచ్చు. టెక్సస్‌లో 254 కౌంటీలు ఉన్నాయి. ప్రతి కౌంటీకి నలుగురు కమిషనర్లు, వారికి అధ్యక్షత వహించే కౌంటీ జడ్జి కలిసిన ఒక పాలకమండలి ఉంటుంది. ఆ జడ్జి న్యాయశాస్త్రం చదివి ఉండనక్కర్లేదు. పెద్ద కౌంటీలలో వారి పని దాదాపు పూర్తిగా పరిపాలనే. అయితే ఈ మండలి చేతిలో అధికారమంతా ఉంటుందనుకోకండి. శాంతిభద్రతలు చూసే షెరీఫ్, దస్తావేజులు నమోదు చేసే కౌంటీ క్లర్క్, పన్నులు వసూలు చేసే అధికారి, ప్రాసిక్యూషన్ నడిపే అటార్నీ, వీరంతా విడివిడిగా ప్రజల ఓట్లతోనే వస్తారు. షెరీఫ్ తీరు నచ్చకపోతే మండలి బడ్జెట్ దగ్గర బిగించగలదు గానీ ఆయన్ను తొలగించలేదు. ఎస్పీ, సబ్ రిజిస్ట్రార్ కూడా పార్టీ గుర్తు మీద పోటీచేసే జిల్లాను ఊహించుకుంటే దీని స్వభావం అర్థమవుతుంది. ఒక్కరి చేతిలో పెత్తనం పడకూడదన్న అనుమానంలోంచి పుట్టిన ఏర్పాటు ఇది. ఏదైనా తేడా వస్తే ఎవరిని నిలదీయాలో తేలకపోవడం దీనిలోని లోపమని మా అభిప్రాయం.

సిటీ మేనేజర్ పద్ధతి దీనికి పూర్తిగా భిన్నమైన ఆలోచన. ఫ్రిస్కోలో మేయరు, ఆరుగురు సభ్యులు ఉన్న కౌన్సిల్ ఎన్నికవుతుంది. వారు చట్టాలు చేస్తారు, బడ్జెట్‌ను, పన్ను రేటును ఆమోదిస్తారు, ఒక వృత్తి నిపుణుణ్ణి మేనేజర్‌గా నియమించుకుంటారు. శాఖాధిపతులను పెట్టుకోవడం, బడ్జెట్ ముసాయిదా తయారుచేయడం, రోజువారీ పని నడపడం మేనేజర్ బాధ్యతలు. కమిషనర్‌తో పోలిక తెగేది ఇక్కడే: ఈ మేనేజర్‌ను రాష్ట్రం పంపదు, బదిలీ చేయదు, కౌన్సిల్‌కు నచ్చకపోతే ఓటు వేసి ఇంటికి పంపేస్తుంది. మరోవైపు కౌన్సిల్ సభ్యులకూ కళ్లెం ఉంది. సభ్యులు సిబ్బందిని నేరుగా ఆదేశించకూడదని, ఏ పనైనా మేనేజర్ ద్వారానే చేయించుకోవాలని ఇటువంటి అనేక నగరాల చార్టర్లు, అంటే నగర పాలనా నియమావళులు, నిర్దేశిస్తాయి. వార్డు సభ్యుడు శానిటరీ ఇన్‌స్పెక్టర్‌కు ఫోన్ చేసి ఫలానా వీధికి ముందు బండి పంపమనడం అక్కడ నిబంధనల ఉల్లంఘన అవుతుందన్నమాట.

ఈ పద్ధతికి వర్జీనియాలోని స్టాంటన్ నగరం 1908లో నాంది పలికింది. 1913 మార్చి వరదల్లో ఒహాయోలోని డేటన్ అతలాకుతలమయ్యాక, పెద్ద నగరాలలో మొదటగా అది దీన్ని చేపట్టింది. డల్లాస్ 1931లో ఈ దారి పట్టింది. హ్యూస్టన్‌లో మాత్రం నేటికీ మేయరే కార్యనిర్వాహక అధిపతి.

అలాగని మేనేజర్ ఉన్నచోటల్లా పాలన సవ్యంగా ఉంటుందన్న భరోసా లేదు. కాలిఫోర్నియాలోని బెల్ అనే చిన్న నగరంలో మేనేజర్ ఏడాదికి దాదాపు 8 లక్షల డాలర్ల జీతం తీసుకుంటున్నారని 2010లో పత్రికలు బయటపెట్టాయి. ఆయనతో పాటు పలువురు కౌన్సిల్ సభ్యులకూ తరువాత శిక్షలు పడ్డాయి. సభ్యుల జీతాల మీద రాష్ట్ర చట్టం పెట్టిన పరిమితి నుంచి ఆ ఊరిని తప్పించిన చార్టర్‌ను 2005లో ఓటింగ్‌కు పెట్టినప్పుడు పోలైన ఓట్లు నాలుగు వందల లోపే. మేనేజర్‌ను అదుపులో పెట్టవలసిన కౌన్సిలే వాటా పుచ్చుకుంటే, ఓటర్లు ఇంట్లో కూర్చుంటే ఏమవుతుందో ఆ ఊరు చూపించింది.

ప్రశ్న: మా అమ్మాయి వాళ్లు డల్లాస్‌కు ఉత్తరాన కొత్త ఇల్లు చూస్తున్నారు. చిరునామాలో ఊరి పేరు ఉంది గానీ ఇల్లు సిటీ పరిధిలో లేదట. సిటీ పన్నుకు బదులు ‘మడ్’ పన్ను కట్టాలట. ఇది ఏమిటి?
– ఒక పాఠకురాలు, కరీంనగర్

జవాబు: చిరునామాలోని ఊరి పేరు తపాలా శాఖ సౌకర్యం కోసం పెట్టుకున్నది, దాన్నిబట్టి సిటీ పరిధి తేలదు. ఏ సిటీలోనూ చేరని ప్రాంతంలో పోలీసు పని షెరీఫ్ సిబ్బంది చూస్తారు, ప్రజా రహదారులు సాధారణంగా కౌంటీ చూసుకుంటుంది. ఇంటి పక్కన ఏం కట్టాలన్న జోనింగ్ అధికారం టెక్సస్ కౌంటీలకు దాదాపు లేదు కనుక, పక్క ఖాళీ స్థలంలో రేపు ఏ గిడ్డంగి లేస్తుందో ముందే వాకబు చేసుకోవాలి. అలాంటిచోట నీటి గొట్టాలకు, మురుగు కాలువలకు పెట్టుబడి కోసం మునిసిపల్ యుటిలిటీ జిల్లా (ఇంగ్లిష్ పొడి అక్షరాల్లో ఎంయూడీ, అంటే ‘మడ్’) ఏర్పడి బాండ్లు అమ్ముతుంది. ఆ అప్పును ఇళ్ల యజమానులు పన్ను రూపంలో తీరుస్తారు. అదే మడ్ పన్ను. ఇంటి ధర చూసి మురిసిపోకముందే ఆ రేటు ఎంతో, అప్పు ఇంకా ఎంత మిగిలి ఉందో రాతపూర్వకంగా అడిగి తీసుకోమనండి. అమ్మేవారు ఆ సమాచారం ఇచ్చి తీరాలని రాష్ట్ర చట్టమే చెబుతోంది.

ప్రశ్న: హెచ్1బీ వీసా మీద ఉన్నవారికి ఈ పాలనలో ఏమైనా పాత్ర ఉంటుందా?
– ఒక పాఠకుడు, ప్లేనో

జవాబు: టెక్సస్ సిటీ, కౌంటీ ఎన్నికల్లో ఓటు అమెరికా పౌరులకే. అయితే కౌన్సిల్ సమావేశంలో చర్చకు వచ్చే అంశంపై మాట్లాడడానికి గానీ, మీ ఇంటి విలువపై అభ్యంతరం చెప్పడానికి గానీ పౌరసత్వం అడగరు. సమావేశాల అజెండాను సిటీ ముందుగానే ప్రకటించాలి. రోడ్డు మీద మీకు కావలసిన సిగ్నల్ లైటు సిటీ పరిధిలోదో, కౌంటీదో, రాష్ట్ర రహదారుల శాఖదో కనుక్కుని, ఆ అజెండా చూసుకుని వెళితే సాయంత్రం వృథా కాదు.