నెల్లూరు రొట్టెల పండుగకు మొదటిసారి వెళ్లేవారు రొట్టె ఇవ్వాలా, తీసుకోవాలా?

తీసుకోవాలి. ఇచ్చేది కోరిక తీరినవారు. బారాషహీద్ దర్గాలోని పన్నెండుమంది అమరుల దయ మీద పెట్టుకున్న ఆశే మొహర్రం రోజుల్లో స్వర్ణాల చెరువు దగ్గర రొట్టెగా చేతులు మారుతుంది.

తలకు కొంగో రుమాలో కప్పుకుని నీళ్లలోకి దిగండి. విద్య, ఉద్యోగం, పెళ్లి, సంతానం, ఇల్లు, ఆరోగ్యం, ఇలా ఒక్కో కోరికకు ఒక్కో రొట్టె. ఇచ్చేవాళ్లు రొట్టె పేరు చెప్పి పిలుస్తుంటారు. మీలాంటి కోరికే కోరి, అది తీరినవారి దగ్గరే అందుకుని, భక్తితో తినండి. తీరాక, మరుసటి పండుగకు అదే పేరుతో రొట్టె చేసుకొచ్చి, అడిగినవారికివ్వాలి.

పొరపాటు జరిగేది రద్దీలోనే: పేరు వినకుండా చేతికందింది పట్టేసుకుంటారు. ఒక్క నిమిషం ఆగి అడగండి. మతం మాత్రం ఎవరూ అడగరు, ఈ పండుగలో నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించేది అదే. ఇస్లామిక్ క్యాలెండర్ పూర్తిగా చాంద్రమానం కాబట్టి పండుగ ఏటా సుమారు 11 రోజులు ముందే వస్తుంది. తేదీ చూసుకుని బయలుదేరండి.