దర్గా మొక్కు పేరు పెడితే పాపకి ఎస్సీ సర్టిఫికెట్ రాదా?

సందేహం: మాది నెల్లూరు జిల్లాలో ఒక పల్లె. మేం ఎస్సీలం, హిందువులం. మా ఆయన పేరు మస్తానయ్య. పెళ్లయిన ఆరేళ్ల దాకా పిల్లలు లేరు. మా అత్తయ్య కసుమూరు మస్తాన్ దర్గాలో మొక్కుకున్నాక పాప పుట్టింది. ఇప్పుడు ఎనిమిదో నెల. మస్తానమ్మ అని పెట్టాల్సిందేనని అత్తయ్య పట్టు. నాకేమో సమీర అని పిలుచుకోవాలని ఉంది. ఈలోగా మా బావగారి అబ్బాయి కులం సర్టిఫికెట్‌కి వెళ్తే, తండ్రి పేరు హుస్సేనయ్య అని చూసి, ‘ముస్లిం పేరు పెట్టుకుని ఎస్సీ ఎలా అవుతారు?’ అన్నారట. అప్పటినుంచి టెన్షన్‌గా ఉంది. జనన సర్టిఫికెట్‌లో పేరు ఇంకా రాయించలేదు. ఏం చేయమంటారు?
– ఒక సోదరి

జవాబు: అమ్మా, పేరు వల్ల కులం పోదు, మతమూ మారదు. కులం పుట్టుకతో వచ్చేది. మతం మనిషి నమ్మకాన్ని, నడవడికను బట్టి తేలేది. పేరు ఏ భాషలోంచి వచ్చిందన్నది మన చట్టం ఎక్కడా అడగదు.

అలాగని ఆ ఆఫీసులో వేసిన ప్రశ్న ఊరికే పుట్టింది కాదు. ఎస్సీ హోదాకి మతంతో ముడి ఉంది. 1950 నాటి షెడ్యూల్డ్ కులాల ఉత్తర్వు మూడో పేరా ప్రకారం హిందువులకే ఆ హోదా. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. ఇస్లాంలోకో క్రైస్తవంలోకో వెళ్లినవారికి అది వర్తించదు. పైగా మన జిల్లాల్లో ముస్లింలైన దూదేకుల వారిలో మస్తాన్, హుస్సేన్ పేర్లు బాగా కనిపిస్తాయి, వాళ్లది బీసీ-బి. కాబట్టి ఉద్యోగికి అనుమానం రావచ్చు, అడగవచ్చు. పేరు చూసి అక్కడికక్కడే తేల్చేయడం మాత్రం కుదరదు.

హిందువులూ దర్గాలకి మొక్కుకుని ఆ పేర్లు పెట్టుకుంటారని నెల్లూరు వాళ్లకి నేను చెప్పాలా? రొట్టెల పండుగకి బారాషహీద్ దర్గా దగ్గర స్వర్ణాల చెరువులో నిలబడి సంతానం రొట్టె పట్టుకునే ఆడవాళ్లలో ఎంతమంది హిందువులో మీరే చూసి ఉంటారు. అనంతపురం వైపు వెళ్తే గూగూడులో పీరుగా కొలిచే కుళ్లాయిస్వామి పేరు మీద ఇంటికో కుళ్లాయప్ప. నా దగ్గరికి వచ్చే క్లయింట్లలో దస్తగిరి అనే పెద్దాయన ఉన్నారు. నుదుటిన విభూతి లేకుండా గుమ్మం దాటరు. దస్తగీర్ అంటే పారశీకంలో చేయి పట్టుకుని ఆదుకునేవాడని అర్థం. బాగ్దాదులో ఉండిన అబ్దుల్ ఖాదర్ జీలానీకి భక్తులు ఇచ్చుకున్న బిరుదు అది. మీ బావగారి పేరులోని హుస్సేన్ అరబ్బీ మాట. హసన్ అంటే అందగాడు, హుస్సేన్ అంటే ముద్దుగా చిన్న అందగాడు. చివరన మన ‘అయ్య’ చేరి హుస్సేనయ్య అయ్యాడు.

మస్తాన్ కూడా పారశీకమే. మస్త్ అంటే మత్తు, మైమరపు. దేవుడి ధ్యాసలో ఒళ్లు మరిచిన ఫకీర్లను మస్తాన్ అన్నారు. తెలంగాణలో ‘మస్తుగుంది’ అంటారే, అందులోదీ ఆ మాటే. కాబట్టి మీ అత్తయ్యగారు పెట్టమంటున్న పేరు సగం పారశీకం, సగం అచ్చతెలుగు.

ఇక మీరు ముచ్చటపడిన సమీర. సంస్కృతంలో సమీరం అంటే గాలి, అందుకే ఆంజనేయుడిని సమీరకుమారుడంటారు. అరబ్బీలోనూ సమీరా ఉంది. రాత్రిపూట కబుర్లలో తోడుండే ఆమె అని అర్థం. తెలుగులో రాస్తే తేడా దీర్ఘం ఒక్కటే, ఇంగ్లీషులో అదీ ఉండదు. మస్తానమ్మ వద్దని సమీర పెట్టినా, ఇవాళ అడిగిన ప్రశ్న రేపు ఇంకొకరు అడగరన్న గ్యారంటీ లేదు. అందుకే పేరు మార్చుకుని తప్పించుకునే దారి వెతకొద్దంటాను.

పేరు కాపాడదనడానికి ఒక కేసు చెబుతాను. 2024 నవంబరులో సుప్రీంకోర్టు పుదుచ్చేరికి చెందిన సెల్వరాణి అనే ఆమె కేసు తేల్చింది. పేరు చూస్తే తమిళం, సెల్వం అంటే సంపద. ఆమె తాను హిందువునని, ఎస్సీ సర్టిఫికెట్ ఇవ్వాలని అడిగారు. కోర్టు పేరు చూడలేదు. పసితనంలో బాప్తిస్మం తీసుకున్న రికార్డు, చర్చికి క్రమంగా వెళ్లడం చూసి, కుదరదంది. మీ విషయంలో ఇదే కొలత మీకు అనుకూలంగా పనిచేస్తుంది. దర్గాలో మొక్కు తీర్చుకోవడం మతం మారడం కాదు. ఇంట్లో పూజలు, పెళ్లి జరిగిన పద్ధతి, ఊరి జాతరలో మీ పాత్ర, ఇవే లెక్కలోకి వస్తాయి.

ఇప్పుడు చేయాల్సిన పని. జనన మరణాల నమోదు చట్టం, 1969లోని 14వ సెక్షన్ ప్రకారం పేరు లేకుండా నమోదైన బిడ్డ పేరును తర్వాత చేర్చవచ్చు. నోటితో చెప్పినా, రాసిచ్చినా సరే. నమోదైన తేదీ నుంచి 12 నెలల లోపయితే రుసుము లేదు. ఆ తర్వాత 15 ఏళ్ల దాకా ఆలస్య రుసుముతో చేర్చుకోవచ్చు. మీకింకా కొన్ని నెలల టైముంది, తొందరపడకండి. ఎందుకంటే ఒకసారి రాయించాక మనసు మారిందంటే రిజిస్ట్రారు వినరు. 15వ సెక్షన్ కింద సరిచేసేది తప్పులనే, ఇష్టాలను కాదు.

ఐస్‌లాండ్‌లో కొత్త పేరు పెట్టాలంటే పేర్ల కమిటీ ఒప్పుకోవాలి. ఫ్రాన్స్‌లో 1803లో చేసిన చట్టం క్యాలెండర్లోని పేర్లు, ప్రాచీన చరిత్రలోని పేర్లు తప్ప వద్దంది. 1993లో గానీ ఆ పట్టు పూర్తిగా సడలలేదు. మనకు అలాంటి జాబితా ఏదీ లేదు. ఫలానా మతం వాళ్లు ఫలానా పేరు పెట్టకూడదని రిజిస్ట్రారు అనడానికి వీల్లేదు. జనన సర్టిఫికెట్‌లో మతం గడి కూడా ఉండదు.

ఎవరి మాట చెల్లాలంటారా? పేరు నిర్ణయించేది తల్లిదండ్రులు. నాయనమ్మకి చట్టంలో వాటా లేదు, ఆ ముక్క మాత్రం ఆవిడ ముందు అనకండి. మీరూ మీ ఆయనా ఒక మాట మీదికి రాకపోతే చిక్కు. 2023లో కేరళ హైకోర్టు ముందుకు అలాంటి తగాదా వస్తే, చివరికి పాపకి కోర్టే పేరు పెట్టింది. సమీర మస్తానమ్మ అని రెండూ కలిపి రాయిస్తే మొక్కూ తీరుతుంది, మీ ముచ్చటా తీరుతుంది. కాకపోతే బడిలో, ఆధార్‌లో, బ్యాంకులో అన్నిచోట్లా ఆ రెండు మాటలూ పూర్తిగా ఉండాలి.

నా అనుభవంలో అసలు దెబ్బ తగిలేది బడిలో. అడ్మిషన్ రోజున పేరు విని, అడక్కుండానే మతం గడిలో ‘ముస్లిం’ అని రాసేస్తారు. పదో తరగతి అయ్యాక టీసీ చేతికొచ్చినప్పుడు గానీ బయటపడదు. అప్పుడు సరిచేయించడానికి చెప్పులరుగుతాయి. పాపని చేర్చే రోజున రిజిస్టరు తిప్పించి, మతం, కులం గడులు మీ కళ్లతో చూశాకే సంతకం పెట్టండి.

మీ బావగారి అబ్బాయి సంగతి. నోటిమాటతో వెనక్కి పంపితే ఊరుకోవద్దు. దరఖాస్తు ఇచ్చి రసీదు తీసుకోవాలి. తిరస్కరిస్తే కారణాలతో రాతపూర్వకంగా ఇమ్మనాలి. కులధ్రువీకరణ పత్రాల జారీకి 1993లో రాష్ట్రం చేసిన చట్టం ఉంది. కులాన్ని రుజువు చేసుకోవాల్సిన భారం దరఖాస్తుదారుడిదే అని అది చెబుతుంది, తిరస్కరిస్తే అప్పీలుకూ వీలిస్తుంది. తండ్రి, తాతల కులపత్రాలు, పాత స్కూలు రికార్డులు, ఎస్సీ కోటాలో వచ్చిన ఇంటిపట్టాలాంటివి జతచేయమనండి. తాత పేరు ఏ రామయ్యో పోలయ్యో అయితే ఆ కాగితం మరీ పనికొస్తుంది. అప్పీల్లోనూ కాదంటే హైకోర్టులో రిట్ వేయొచ్చు.

చివరగా స్పెల్లింగ్. 2023 అక్టోబరు 1 తర్వాత పుట్టినవాళ్లకి స్కూలు అడ్మిషన్, ఓటరు నమోదు, పాస్‌పోర్టు, ప్రభుత్వోద్యోగం లాంటి వాటన్నిటికీ పుట్టిన తేదీకి జనన సర్టిఫికెట్టే ఆధారం. మీ పాప ఆ లెక్కలోకే వస్తుంది. మస్తాన్‌లో ‘త’కి కొందరు ఉత్త టి రాస్తారు, కొందరు టిహెచ్ రాస్తారు. తండ్రి ఆధార్‌లో ఒకటి, పాప సర్టిఫికెట్‌లో తండ్రి పేరు దగ్గర ఇంకొకటి పడితే, ఆ ఒక్క హెచ్ కోసం అఫిడవిట్లు రాసుకుంటూ తిరగాలి. రిజిస్ట్రారు దగ్గరికి వెళ్లేటప్పుడు మీ ఆయన ఆధార్, పదో తరగతి మెమో రెండూ పక్కపక్కన పెట్టి చూసుకోండి. అవి రెండూ కలవకపోతే ముందు ఆధార్ సరిచేయించి, ఆ తర్వాతే పాప పేరు రాయించండి.