నెలకు ఆరు వేల మిగులు, దాని ఖరీదు

ఇంటి లోన్ల మీద పాఠకుల ప్రశ్నలు. జవాబులు: బ్యాంకు లోన్ల సీట్లో పనిచేసి రిటైరైన మా కాలమిస్టు

ప్రశ్న: నిజాంపేటలో 75 లక్షలకు రెండు బెడ్‌రూముల ఫ్లాటు చూశాం. చేతిలో ఉన్నది పోను 60 లక్షలు లోను కావాలి. వడ్డీ 8 శాతం అన్నారు. ఇరవై ఏళ్లకైతే నెలకు 50,186 రూపాయలు, ముప్పయ్యేళ్లకైతే 44,026. మా వారికి 34, నాకు 31. ఆయన ఐటీ ఉద్యోగి, నేను ఇంట్లోనే ఉంటాను. ఇప్పుడు 22 వేలు అద్దె కడుతున్నాం. ‘నెలకు ఆరు వేలు మిగులుతుంది, బాబు స్కూలు ఫీజుకు పనికొస్తుంది, ముప్పయ్యేళ్లే పెట్టించుకోండి’ అంటున్నాడు లోను ఇప్పించే అబ్బాయి. మా వారిదీ అదే మాట. నాకే ఎందుకో గుబులుగా ఉంది. ఏది మంచిది?
– ఒక గృహిణి, కూకట్‌పల్లి

జవాబు: మీ గుబులులో అర్థం ఉందమ్మా. ఆ అబ్బాయి లెక్క తప్పేం కాదు, నెల దగ్గరే ఆపేశాడంతే. మిగతాది నేను వేస్తాను. మీ వారిని కూడా పక్కన కూర్చోబెట్టుకుని చదవండి.

50,186ను 240 నెలలకు గుణిస్తే కోటీ 20 లక్షల 44 వేలు. 44,026ను 360 నెలలకు గుణిస్తే కోటీ 58 లక్షల 49 వేలు. తేడా 38 లక్షలు. నెలకు మిగిలే ఆ 6,160 రూపాయల ఖరీదు అది. ముప్పయ్యేళ్ల లెక్కలో ఒక్క వడ్డీయే 98 లక్షలు దాటుతోంది. ఫ్లాటు ధరకన్నా ఎక్కువ.

అసలు కిటుకు ఎక్కడుందంటే, మొదటి నెల వాయిదాలో. 60 లక్షల మీద 8 శాతం వడ్డీ అంటే నెలకు 40,000. ఇది ఇరవై ఏళ్లకైనా ముప్పయ్యేళ్లకైనా ఒకటే. ఇరవై ఏళ్ల వాయిదా కడితే ఆ నలభై పోను అసల్లోకి 10,186 వెళ్తుంది. ముప్పయ్యేళ్లదైతే 4,026 మాత్రమే. వాయిదాలో ఎనిమిదో వంతు కూడా తగ్గలేదు, అసలు తీరే వేగం మాత్రం సగానికన్నా తక్కువకు పడిపోయింది. ఐదేళ్లు ఠంచనుగా 44,026 చొప్పున కట్టారనుకోండి. 26 లక్షల 41 వేలు కట్టినట్టు. బ్యాంకుకెళ్లి ఇంకెంత ఉందని అడిగితే 57 లక్షల 4 వేలు అంటారు. పదిహేనేళ్లు కట్టాక, అంటే సగం గడువు అయిపోయాక అడిగినా ఇంకా 46 లక్షలు ఉంటుంది. దిల్‌సుఖ్‌నగర్ బ్రాంచిలో నా బల్ల ముందు కూర్చుని ఈ మాట విన్నవాళ్లలో చాలామంది, స్టేట్‌మెంటులో ఏదో పొరపాటు ఉందని నాతో వాదించినవాళ్లే. పొరపాటేమీ ఉండదు. వాయిదాల పట్టికను లోను తీసుకునే రోజే ఇస్తారు, తిరగేసి చూసేవాళ్లే తక్కువ. సంతకాలు పెట్టేముందు అది అడిగి తీసుకుని, వాయిదా గడి వదిలేసి ‘అసలు’ అని ఉన్న గడి ఒక్కటే పై నుంచి కిందికి చదువుకోండి. మీకు ఇంకెవరి సలహా అక్కర్లేదు.

ఇప్పుడు మీ వారి తరఫున కూడా ఒక మాట చెప్పాలి. ముప్పయ్యేళ్ల తర్వాతి 44 వేలు ఇవాళ్టి 44 వేలంత బరువుగా ఉండవు. జీతాలు పెరుగుతాయి, రూపాయి విలువ పడిపోతుంది. కాబట్టి 38 లక్షలు పోయాయని గుండెలు బాదుకోవడం కూడా సరైన లెక్క కాదు. ఆ ఆరు వేలూ ప్రతి నెలా ఎక్కడైనా పెట్టి, పన్నులు పోను ఏడాదికి 8 శాతం పైన సంపాదించగలిగితే ముప్పయ్యేళ్లకు లోను తీసుకోవడమే లాభం. అలా నిజంగా పెట్టేవాళ్లున్నారు, కాదనను. కానీ మీ ఉత్తరంలోనే ఆ డబ్బు స్కూలు ఫీజుకని రాశారు. అది ఖర్చు, పొదుపు కాదు. పైగా ముప్పయ్యేళ్లంటే ఆయనకు 64 వస్తాయి. మీ ఇంటికి ఒక్కటే జీతం. ఐటీలో యాభై దాటాక ఉద్యోగం ఎలా ఉంటుందో మన చుట్టుపక్కల అపార్టుమెంట్లలో అడిగినా చెప్తారు.

‘అద్దె కట్టే డబ్బే వాయిదాకు కట్టుకుంటున్నట్టు’ అని కూడా ఆ అబ్బాయి అనే ఉంటాడు. మీ అద్దె 22 వేలు. మొదటి నెల వడ్డీయే 40 వేలు. వడ్డీ కూడా తిరిగి రాని డబ్బే కదా, అద్దెలాగే. దాని మీద మెయింటెనెన్సు, ఆస్తిపన్ను, లిఫ్టు రిపేరు, పెయింటు మీవే. అద్దె ఏటా పెరుగుతుంది, ఓనరు ఖాళీ చేయమంటాడేమోనన్న టెన్షన్ ఉంటుంది, సొంతిల్లు అన్న నిశ్చింత వేరే. ఇవన్నీ నిజమే. ఆ నిశ్చింత కోసం కొనండి, అద్దె మిగులుతుందని మాత్రం కొనకండి.

75 లక్షలు అనేది కూడా పూర్తి ధర కాదు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ 5.5 శాతం, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 0.5, మొత్తం 7.5 శాతం. 75 లక్షల మీద 5 లక్షల 62 వేల 500. బ్యాంకు ఈ సొమ్మును ఇంటి ధరలో కలిపి లోను ఇవ్వదు, చేతి నుంచి పెట్టుకోవాలి. ఫ్లాటుకు ఇంకా ఓసీ (కట్టడం పూర్తయింది, ఉండొచ్చు అని ఇచ్చే అధికారిక పత్రం) రాకపోతే జీఎస్‌టీ మరో 5 శాతం, అంటే 3 లక్షల 75 వేలు. ఓసీ వచ్చాక కొంటే అది లేదు. అందుకే ‘ఓసీ వచ్చిందా, కాయితం చూపించండి’ అని బిల్డర్ని అడగండి. కార్పస్ ఫండ్ (అపార్టుమెంటు నిర్వహణకు అందరూ ముందే కట్టే నిధి), ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, తనఖా పత్రం రిజిస్ట్రేషన్, ఆ తర్వాత కిచెన్ అల్మారాలు, గ్రిల్లులు. వీటికి చాలక పర్సనల్ లోను తీసుకునే వాళ్లను చాలామందిని చూశాను. దాని వడ్డీ ఇంటి లోనుకన్నా చాలా ఎక్కువ, ఆ పని మాత్రం చేయకండి. ధరలో మీ వాటా 15 లక్షలు, రిజిస్ట్రేషన్ ఖర్చు కలిపి చేతిలోంచి పెట్టే 20 లక్షలు ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో 6.5 శాతానికి ఉంటే నెలకు పది వేలకు పైగా వచ్చేది. అదీ ఇల్లు ఖర్చులోనే రాసుకోవాలి, ఎవరూ రాయరు.

ఇక ట్యాక్సు. వడ్డీ మీద 2 లక్షల దాకా మినహాయింపు పాత పన్ను విధానంలో ఉన్నవాళ్లకే. కొత్త విధానంలో, మనం ఉండే ఇంటికి అది లేదు. మీ వారు ఏ విధానంలో ఉన్నారో వాళ్ల ఆఫీసులో అడగమనండి. కొత్తదాంట్లో ఉంటే, ‘ట్యాక్సులో కలిసొస్తుంది’ అన్న మాట మీ లెక్కలోంచి కొట్టేయండి.

నా సలహా: ఇరవై ఏళ్లకే తీసుకోండి. 50 వేలు కట్టడం నిజంగా కష్టమనిపిస్తే ఇంకో పది లక్షలు కూడబెట్టేదాకా కొనడం వాయిదా వేయండి, లేదా చిన్న ఫ్లాటు చూడండి. ఉద్యోగం గురించి భయం వల్ల చిన్న వాయిదా కావాలనుకుంటే ముప్పయ్యేళ్లకు తీసుకుని, నెలనెలా ఆ 6,160 అసలుకు జమ అయ్యేలా కట్టండి. సరిగ్గా ఇరవై ఏళ్లకు తీరిపోతుంది, కష్టం వచ్చిన నెల మానుకునే వెసులుబాటూ ఉంటుంది. మారే వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి లోను ముందే కట్టేస్తే జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు నిబంధన. ఆరు నెలల వాయిదాల సొమ్ము పక్కన పెట్టుకున్నాకే ఈ పని మొదలుపెట్టండి. ఇరవై ఏళ్ల లోను మీద ఏటా బోనస్ వచ్చినప్పుడు ఒక్క వాయిదా అదనంగా కట్టినా మూడేళ్ల ముందే తీరుతుంది, 11 లక్షలకు పైగా వడ్డీ తగ్గుతుంది. కట్టేటప్పుడు ‘వాయిదా అలాగే ఉంచి గడువు తగ్గించండి’ అని రాసివ్వండి. రాయకపోతే కొన్ని చోట్ల వాయిదా తగ్గించేసి గడువు అలాగే ఉంచుతారు. అప్పుడు ఈ లాభంలో చాలా భాగం రాదు.

ప్రశ్న: నేను ప్రభుత్వ ఉపాధ్యాయుణ్ని. 2021 జూలైలో 40 లక్షలు, 6.7 శాతం, ఇరవై ఏళ్లు. వాయిదా 30,296. ఒక్క నెల కూడా తప్పలేదు. ఇప్పటిదాకా పదహారున్నర లక్షలు కట్టాను. అసలు ఇంకా 37 లక్షల 90 వేలు చూపిస్తున్నారు, ఆఖరి వాయిదా 2048 అంటున్నారు. మధ్యలో వడ్డీ పెరిగి ఈమధ్య 7.95కు తగ్గిందట. నాకు ఎవరూ ఏమీ చెప్పలేదు. ఇదేం న్యాయం?
– ఉప్పల్ నుంచి ఒక పాఠకుడు

జవాబు: మాస్టారూ, మీరు తీసుకున్న సమయం అలాంటిది. అప్పుడు రిజర్వు బ్యాంకు రెపో రేటు, అంటే అది బ్యాంకులకు అప్పిచ్చే వడ్డీ, 4 శాతం. 2022 మే నుంచి పెంచుకుంటూ 2023 ఫిబ్రవరికి 6.5 చేశారు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు మారే వడ్డీ మీద ఇచ్చే కొత్త ఇంటి లోన్లు ఇలాంటి బయటి రేటుకే ముడిపడి ఉండాలి, మూడు నెలలకొకసారైనా మారాలి. మీ 6.7 కాస్తా 9.2 అయింది. అప్పటికి మీ బాకీ ముప్పై ఎనిమిదిన్నర లక్షలు ఉందనుకుంటే నెల వడ్డీ 29,500 దాకా. మీ 30,296లో అసల్లోకి వెళ్లింది ఎనిమిది వందల లోపే. అదే వడ్డీ అలాగే ఉండిపోతే మీ లోను తీరడానికి అక్కడి నుంచి మరో నలభై ఏళ్లు పట్టేది. వాయిదా కదపకుండా గడువు సాగదీయడం బ్యాంకులకు అలవాటు, ఎందుకంటే వాయిదా పెరిగితే కస్టమరు వెంటనే వచ్చి అడుగుతాడు, గడువు పెరిగితే ఏళ్ల దాకా చూసుకోడు.

చెప్పకపోవడం మాత్రం తప్పే. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు స్పష్టంగా ఆదేశించింది. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది మిమ్మల్ని అడగాలి. మూడు నెలలకొకసారి మీరు కట్టిన అసలెంత, వడ్డీ ఎంత, ఇంకెన్ని వాయిదాలున్నాయి అన్న వివరం మీకు అందాలి. అందకపోతే బ్రాంచిలో రాతపూర్వకంగా అడిగి, రసీదు తీసుకోండి. ముప్పై రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చింది నచ్చకపోయినా బ్యాంకుల మీద ఫిర్యాదులు విచారించే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు ఫిర్యాదు పెట్టుకోవచ్చు, ఖర్చేమీ లేదు.

రెపో 2025లో దిగుతూ వచ్చి డిసెంబరుకు 5.25 అయింది, అందుకే మీది 7.95. ఇప్పుడు చేయాల్సింది: వాయిదా 35,600 చేయమని అడగండి. మొదట అనుకున్నట్టే 2041లో తీరుతుంది, ఇప్పుడున్న పద్ధతితో పోలిస్తే 15 లక్షలు మిగులుతాయి. డీఏ పెరిగినప్పుడల్లా ఇంకాస్త కలపండి. ఇంకొకటి, రెపో మీద బ్యాంకు వేసే అదనాన్ని స్ప్రెడ్ అంటారు, మీకు 2.7 ఉంది. కొత్తగా వచ్చేవాళ్లకు చాలాసార్లు ఇంతకన్నా తక్కువే వేస్తారు. మీ బ్యాంకు ఇవాళ కొత్త కస్టమరుకు ఎంత ఇస్తోందో కనుక్కుని, అదే మీకూ ఇవ్వమనండి, చిన్న ఫీజు తీసుకుని చేసే బ్యాంకులు చాలా ఉన్నాయి. కుదరదంటే లోను వేరే బ్యాంకుకు మార్చుకోండి. అయితే మార్చేటప్పుడు మళ్లీ ఇరవై ఏళ్లు పెట్టించుకోకండి, చేసిందంతా వృథా అవుతుంది. మా రోజుల్లో ఇంతకన్నా ఘోరం, ఏడాది పొడుగునా కట్టిన అసలును ఏడాది చివర్న ఒక్కసారే తగ్గించే సంస్థలు ఉండేవి, అదీ పద్నాలుగు పదిహేను శాతం వడ్డీల కాలంలో. మీరు దానికి దొరకలేదు, సంతోషించండి.

ప్రశ్న: లోనుతో పాటు 1 లక్ష 80 వేల ఇన్సూరెన్సు తీసుకోవాల్సిందే, అది కూడా లోనులోనే కలిపేస్తాం, మీరేం కట్టక్కర్లేదు అంటున్నారు. నిజమేనా?
– వనస్థలిపురం

జవాబు: మీరే కడతారు, ఇరవై ఏళ్ల పాటు. 8 శాతం చొప్పున నెలకు 1,506, మొత్తం 3 లక్షల 61 వేలు. తప్పనిసరి అని ఏ చట్టంలోనూ లేదు. ‘తప్పనిసరి అని రాసివ్వండి’ అంటే రాయరు. ఇంటి బాకీకి సరిపడా ఇన్సూరెన్సు మాత్రం ఉండాలి, లేకుండా లోను తీసుకోకండి. దానికి విడిగా టర్మ్ పాలసీ (గడువులోపు మనిషి పోతేనే డబ్బిచ్చే జీవిత బీమా) ధర కనుక్కోండి, పోల్చి చూశాక మీకే అర్థమవుతుంది. ఇప్పటికే సంతకం పెట్టేసి ఉంటే పాలసీ కాయితం అందిన 30 రోజుల్లోపు వెనక్కిచ్చేయవచ్చు.

ప్రశ్న: గత నెలలో లోను మొత్తం తీర్చేశాం. డాక్యుమెంట్లు వచ్చే వారం, వచ్చే వారం అంటున్నారు.
– మల్కాజిగిరి

జవాబు: తీరిన 30 రోజుల్లోపు ఇవ్వాలి. వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు మీకు చెల్లించాలని 2023 సెప్టెంబరులో వచ్చిన రిజర్వు బ్యాంకు ఆదేశంలో ఉంది. ఆ మాట రాసి ఒక్క ఉత్తరం ఇవ్వండి, వారం ఆగక్కర్లేకుండానే కాయితాలు దొరకవచ్చు. చేతికొచ్చాక లోను తీసుకున్న రోజు ఇచ్చిన జాబితాతో ఒక్కొక్కటీ సరిచూసుకోండి, లింకు డాక్యుమెంట్లతో (పాత యజమానుల నాటి దస్తావేజులతో) సహా. తర్వాత సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో తనఖా రద్దు చేయించి, కొత్త ఈసీ (ఆస్తి మీద లావాదేవీలు, తనఖాలు చూపించే పత్రం) తీయండి. అందులో బ్యాంకు తనఖా ఇంకా కనిపిస్తుంటే రేపు మీరు అమ్మబోయినప్పుడు కొనేవాడు అడ్వాన్సు ఇవ్వడు.